మీగడంత మంచినీళ్ళు

అనగనగనగా ఒక ఊరు. ఊరంటే మన ఊరిలా కాదర్రా, చుట్టూ సముద్రం, మధ్యన చిన్న లంక. ఇటు చూస్తే నీళ్ళు, అటు చూస్తే నీళ్ళు, తాగుదామంటే మాత్రం గుక్కెడు లేవు. ఉన్నదల్లా ఒడ్డున ఇసకలో ఒకే ఒక్క చెలమ. చెలమంటే ఇసక తోడితే నీళ్ళూరే గుంట. పక్కనే సముద్రం ఉన్నా ఆ నీళ్ళు తియ్యగా ఉండేవి.

ఆ లంకకి కొత్తకోడలొచ్చింది, కాసులమ్మ. మొగుడు చేపల వేటకి పోతే ఆర్నెల్లకిగానీ రాడు, ఇంట్లో అత్తా కోడలే. పాపం, చెరువులున్న ఊరి పిల్ల. వచ్చిన మర్నాడే బిందె పట్టుకెళ్ళి చెలమలో బుడుంగున ముంచేసింది. ఏమొచ్చిందీ? బురదొచ్చింది. ఇంకో అత్తయితే చీవాట్లు పెట్టును. ఈ అప్పయ్యమ్మ అలాంటిది కాదు. కోడల్ని పక్కన కూచోబెట్టుకుని, కొబ్బరిచిప్ప చేతికిచ్చి, పైపైన తోడమ్మా, కాసేపు ఊరనీ, మళ్ళీ తోడమ్మా అని నేర్పింది. ఇంటికి రెండు బిందెలే. ఆఖరి చిప్ప మళ్ళీ ఇసకలో పొయ్యాలి. అదీ అక్కడి ఆచారం. తోడుతూ పాడుకునేవారు కూడాను:

వాన వచ్చి ఇసక్కిచ్చె,
ఇసక దాచి చెలమకిచ్చె,
చెలమ ఊరి చిప్పకిచ్చె,
చిప్ప వంగి బిందెకిచ్చె.

ఊ కొడుతున్నారా? చిన్నాడి ఊ వినపడలేదేం?

సరే, ఆ లంకకో రాజు. మంచివాడే, తొందరెక్కువ. చిప్పలతో తోడితే నా స్నానం ఎప్పటికయ్యేనని, చెలమ పక్కనే ఏడు నిలువుల బావి తవ్వమన్నాడు. మరి బావి కట్టడానికి రాళ్ళో? ఒడ్డుకి అల్లంత దూరాన నీళ్ళకింద గోడలా పగడపు దిబ్బ ఉండేది. ఎర్రటి పగడాలు, పచ్చటి పగడాలు, సందుసందునా చేపపిల్లలు. ఆ దిబ్బనే పగలగొట్టించాడు. అలల్ని ఆపేది అదే బాబూ అని అప్పయ్యమ్మ మొత్తుకుంది. ఎవరు విన్నారు గనక.

మొదటిరోజు బావి నిండా నీళ్ళు. రాజుగారు ఇరవై బిందెల స్నానం చేశారు. రెండోరోజు నీళ్ళు కాస్త ఉప్పన. మూడోరోజు రాజుగారి పప్పు నోట పెట్టలేనంత ఉప్పు. వంటవాణ్ణి కేకలేస్తే, నేనసలు ఉప్పే వెయ్యలేదు మొర్రో అన్నాడు. చూస్తే బావీ ఉప్పే, చెలమా ఉప్పే. అలలు ఆగే చోటు లేక చెలమ దాకా వచ్చిపోతున్నాయి.

తప్పు రాజుగారిదని ఎవరంటారు? కొత్తకోడలు అడుగుపెట్టిన వేళ అన్నారు. వచ్చిన మర్నాడే చెలమని బురద చెయ్యలేదా అన్నారు. పౌర్ణమికి పిల్లని పడవెక్కించి పుట్టింటికి పంపెయ్యమని రాజు హుకుం. కాసులమ్మ అత్త ఒళ్ళో తల పెట్టుకుని వెక్కివెక్కి ఏడ్చింది. తల్లిలాంటి అత్తని వదిలి ఎలా పోతుందర్రా?

మర్నాడు పొద్దున్నే చెలమ దగ్గరికెళ్ళింది. పైపైన తోడి నాలిక్కి రాసుకుంటే కాస్త తియ్యగా ఉన్నాయి. లోతుగా ముంచితే ఒట్టి ఉప్పు.

ఆ సాయంత్రం కుండెడు ఆవుపాలు కాచి, మీగడ కట్టాక రాజుగారి ముందు పెట్టింది. పోయేముందు ఒకే కోరిక, ఈ చెంబుతో మీగడ తీసిపెట్టండి అంది. రాజు చెంబు బుడుంగున ముంచాడు. పాలొచ్చాయి. మళ్ళీ ముంచాడు. మళ్ళీ పాలే, మీగడ కాస్తా కలిసిపోయింది.

“ఇసక కింద ఉప్పునీళ్ళ మీద వాననీళ్ళు ఇలాగే మీగడ కట్టుకునుంటాయి బాబుగారూ,” అంది కాసులమ్మ. “నేను బిందె ముంచితే గంటలో తేరుకుంది. తమరు ఏడు నిలువులు ముంచారు.”

రాజు మొహం చిన్నబోయింది. బావి పూడ్పించాడు. రాళ్ళన్నీ దిబ్బ మీద మళ్ళీ పేర్పించాడు. పగడం వేలెడు పెరగాలంటే ఏళ్ళూ పూళ్ళూ పడుతుంది, అయినా పేర్చిన రాళ్ళు అలల్ని ఆపాయి. కానీ పిల్లని పంపేసే మాట మాత్రం పూర్తిగా వదల్లేదు. వానాకాలం దాటేలోపు చెలమ తియ్యనైతే సరే, లేకపోతే పడవే అన్నాడు.

వానలొచ్చాయి. చూరు చూరుకీ కుండలు పెట్టి ఆ నీళ్ళే తాగారు, చెలమ జోలికి ఒక్కరూ పోలేదు. ఆఖరి వాన వెలిసిన పొద్దున కాసులమ్మ మోకాళ్ళమీద కూచుని, చిప్ప పైపైన తోడి, భయంభయంగా తాగింది. తియ్యన. లోతుగా తోడి తాగింది. అదీ తియ్యనే.

ఆ మాట చెబుదామని ఇంటికి పరిగెత్తితే గుమ్మంలో రెండు మూటలున్నాయి. ఒకటి తనది. రెండోది ఎవరిదత్తా అనడిగింది. నాదేనే, నువ్వు లేని ఇంట్లో మంచినీళ్ళు నాకెందుకు అంది అప్పయ్యమ్మ. కోడలు చిప్పలో తెచ్చిన నీళ్ళు అత్త నోటికందించింది. ఆవిడ తాగి, ఒక చేత్తో కళ్ళు తుడుచుకుంటూ ఇంకో చేత్తో మూటలు విప్పింది.

ఆనాటి నుంచి రాజుగారు కూడా చిప్ప పట్టుకుని వరసలోనే కూచునేవారు. తొందరపడితే వెనకనుంచి అప్పయ్యమ్మ, ఊరనీ బాబూ, ఊరనీ అనేది.

అందుకే నీళ్ళదగ్గర నిదానం ఉండాలర్రా. చిన్నాడా, గ్లాసులో సగం వదిలేశావే, అవి మల్లెమొక్కకి పోసిరా. పోశావా? కథ పడవెక్కి కంచికెళ్ళిపోయింది, మనం దుప్పట్లోకెళ్ళిపోదాం.