రాజుగారు లేవని రాత్రి

అనగనగా అన్నానని మన ఊరనుకునేరు, కాదు. మన చుక్కలన్నీ దాటి, వాటి వెనక చీకటి కూడా దాటితే ఒక లోకం ఉంది. అక్కడ పొద్దు కదలదు. కొండ మీద జానెడు ఎత్తున, ఎర్రగా, ఎప్పుడూ అక్కడే ఉంటుంది. పొడవదు, కుంకదు. మరి ఆ జనానికి పగలేది, రాత్రేది?

వాళ్ళకు రాజే పంచాంగం. ఆ రాజు పేరు శ్వాసకేతుడు. ఆయన కళ్ళు తెరిస్తే తెల్లవారినట్టు. ఆకలేస్తే మధ్యాహ్నం. ఆవలిస్తే దీపాల వేళ. గోళ్ళు తీయించుకుంటే నెల మారినట్టు, జుట్టు భుజాలు దాటితే ఏడాది నిండినట్టు. ఆయనకు జలుబు చేసిందా, వానాకాలం వచ్చిందని ఊరంతా గొడుగులు తీసేది. నవ్వకండర్రా, వాళ్ళకది శాస్త్రం.

రాజు మణికట్టుకు ఒక పట్టుదారం కట్టి, కిటికీలోంచి కోట బురుజు మీదికి లాగారు. దాని రెండో కొస నగారా కొట్టే వీరణయ్య వేలికి ఉండేది. రాజు నాడికి దారం అదిరితే వీరణయ్య నగారా మీద ఒక దెబ్బ వేసేవాడు. ఊళ్ళో వాళ్ళు ఆ దెబ్బకే అడుగు వేసేవారు, ఆ దెబ్బకే రోకలి ఎత్తేవారు.

రాజు పడుకుంటే రాత్రి. రాత్రివేళ ఎవరూ పొయ్యి రాజెయ్యకూడదు, వీధిలోకి రాకూడదు, ఊరి ధాన్యపు కొట్టు తలుపు తీయకూడదు. ఈ కట్టుబాటు తప్పినవాళ్ళను ఊరి చివర పొగమంచులో వదిలేసేవారు. అందులోకి వెళ్ళినవాళ్ళెవరూ తిరిగి రాలేదు.

ఒకసారి రాజు పడుకున్నాడు. రాత్రయింది. ఆ రాత్రి ఇక తెల్లవారలేదు.

జనానికి నిద్రలు తీరిపోయాయి. అయినా కళ్ళు మూసుకుని పడుకునే ఉన్నారు. ఎర్రటి వెలుగులో వీధులన్నీ బోసిగా ఉన్నాయి. ఇళ్ళలో కడుపులు మూలిగే చప్పుడు వీధిలోకి వినబడుతోంది. నగారా మాత్రం మోగుతూనే ఉంది, ఎప్పటికంటే కాస్త తొందరగా.

ఆ ఊళ్ళో ఇవురమ్మ అనే ఆమెకు ఒక చంటిపిల్లాడు. తల్లి తింటేనే కదా పాలు. తిండి లేక ఆమెకు పాలు ఎండిపోయాయి. పిల్లాడు గుక్కపట్టి ఏడ్చి ఏడ్చి, గొంతు పీలగా అయిపోయింది. ఆ కాస్త ఏడుపూ ఆగిపోతే ఇక తన బిడ్డ దక్కడని ఆమెకు తెలుసు. ఆ తల్లి ప్రాణం విలవిల్లాడింది.

పిల్లాణ్ణి ఎత్తుకుని దొడ్డిదారిన పక్కింటి కొండవ్వ దగ్గరికి వెళ్ళింది.

"అవ్వా, తెల్లవారిందేమో. వీడికి ఆకలేస్తోంది."

కొండవ్వ కళ్ళు తెరవకుండానే, "రాజుగారు లేవందే ఆకలెలా వేస్తుందే? కల కంటున్నాడేమో," అంది. అయినా మనసాగక వాణ్ణి గుండె మీద వేసుకుంది. గుండె చప్పుడు వినగానే వాడు ఊరుకున్నాడు. "చూశావా, ఎవరి గుండె మీద వేసినా ఊరుకుంటాడు, పిచ్చి సన్నాసి," అంది ముసలమ్మ. ఆ ఊరుకోవడం కాసేపే. మళ్ళీ అదే ఏడుపు.

ఇవురమ్మ ఇక పొగమంచుకు వెరవకుండా వీధిన పడి బురుజెక్కింది. వీరణయ్య కళ్ళు గుంటలు పడ్డాయి. కొడుతూనే ఉన్నాడు.

"వీరణయ్య మావా, చేతులు లాగేస్తున్నాయి. వీణ్ణి ఒక్క క్షణం పట్టుకో."

వీరణయ్య ఒక చేత్తో పిల్లాణ్ణి గుండెకు ఆనించుకున్నాడు. వాడు ఊరుకున్నాడు. గుడ్డ సర్దబోయి ఇవురమ్మ అతని దగ్గరగా వంగింది. లోపల గుండె ఒక దెబ్బ, పైన నగారా ఒక దెబ్బ. రెండూ ఒక్కసారే పడుతున్నాయి.

"మావా, ఇది నీ గుండె కదూ?"

వీరణయ్య తన వేలికేసి చూశాడు. దారం వదులుగా వేలాడుతోంది. "రాజుగారి నాడి ఎప్పుడో ఆగిపోయిందమ్మా. చెబితే కాలమే ఆగిపోతుందని భయమేసింది. నా గుండెనే కొడుతున్నాను," అన్నాడు.

ఇవురమ్మ పిల్లాణ్ణి తీసుకుని తిన్నగా రాజు పడకగదికి వెళ్ళింది. గుమ్మంలో మంత్రి మౌనగుప్తుడు అడ్డం నిలబడ్డాడు. వెనక భటులు.

"ఇది రాత్రి. రాజుగారు గాఢనిద్రలో ఉన్నారు. నిన్ను పొగమంచులోకి పంపించాలి," అన్నాడు మంత్రి.

"పంపుదురు గాని, అయ్యా. ముందు వీణ్ణి రాజుగారి గుండె మీద పడుకోబెట్టండి. ఊరుకుంటే ఇది రాత్రే. నా కాళ్ళతో నేనే పొగమంచులోకి నడిచిపోతాను."

భటులు మంత్రి మొహం చూశారు. వాళ్ళ కడుపులూ మాడుతున్నాయి మరి. మంత్రికి కాదనే వీలు లేకపోయింది.

పిల్లాణ్ణి రాజు గుండె మీద పెట్టారు. వాడు చెవి ఆనించాడు. వెతుక్కుంటున్నట్టు అటూ ఇటూ తల తిప్పాడు. తర్వాత ఆ చలికి ఒళ్ళు ముడుచుకుని, ఉన్న కాస్త గొంతుతో కెవ్వుమన్నాడు. తల్లి వాణ్ణి లాగి హత్తుకుంది. భటుల చేతుల్లో బల్లేలు దిగిపోయాయి.

మంత్రి నేల మీద కూలబడ్డాడు. "ఆయన లేకపోతే రేపనేది రాదనుకున్నాను," అన్నాడు.

"రేపు వీడి కడుపులో ఉందయ్యా. కొట్టు తలుపు తీయించండి," అంది ఇవురమ్మ.

బురుజు మీద నగారా ఆగింది. ఊరంతా ఊపిరి బిగబట్టింది, కాలం అయిపోయిందని. ఆ నిశ్శబ్దంలో ఎవరి ఛాతీలో ఏదో టక్ టక్‌మంటూ వాళ్ళకే వినబడింది. పుట్టినప్పటి నుంచీ అది అక్కడే ఉందట, నగారా మోతలో ఎప్పుడూ వినలేదు. ముందు కొండవ్వ లేచింది. తర్వాత అందరూ లేచారు. పొయ్యిలు రాజుకున్నాయి. ఇవురమ్మ ఇంత గంజి తాగింది, పిల్లాడికి పాలు పడ్డాయి.

అప్పటి నుంచీ ఆ లోకంలో ఏ వీధికి ఆ వీధిలో అందరికంటే చిన్న బిడ్డకు ఆకలేస్తే తెల్లవారినట్టు. బురుజు మీది దారాన్ని ఎవరూ విప్పలేదు. అప్పుడప్పుడు అది చిన్నగా అదురుతుందట. గాలికేలే అనుకుని ఎవరి పని వాళ్ళు చూసుకుంటారు.

అందుకే పిల్లలూ, తెల్లవారిందో లేదో గద్దె మీదివాళ్ళ నిద్రను చూసి కాదు, పక్కవాడి ఆకలిని చూసి తెలుసుకోవాలి.