తెలుసుగారికి తెలియని గట్టు

భద్రయ్య మర్నాడు పక్క ఊళ్ళో మొదటిసారి ప్రసంగం చేయాలి. సభలో ఎవరైనా తనకు రానిది అడిగితే ఏం గతి అన్న బెంగతో రెండు రోజులుగా అన్నం సయించక, చివరికి గురువు పరదేశయ్యగారి దగ్గరకు వచ్చి కూర్చున్నాడు.

"పీట మీద కూర్చున్నవాడు నలుగురిలో 'నాకు తెలియదు' అనవచ్చా, గురువుగారూ? అంటే వినేవాళ్ళకు నమ్మకం పోదూ?"

పరదేశయ్యగారు చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్నారు. తీస్తూనే ఒక సంగతి చెప్పారు.

వాళ్ళ వైపు అప్పన్నదొర అని ఒక పార్లమెంటు సభ్యుడున్నారు. రోజూ సాయంత్రం ఏదో ఒక టీవీ చర్చలో కనిపిస్తారు. జీడిపిక్కల ధర అడిగినా, చంద్రుడి మీద నీళ్ళ సంగతి అడిగినా "తెలుసండీ, తెలుసు" అనే మొదలుపెట్టేవారు. ఓట్లేసిన ఊళ్ళే ఆయనకు తెలుసుగారు అని పేరు పెట్టాయి.

ఒక శ్రావణంలో ఏరు పొంగింది. ఆ సాయంత్రం చర్చలో యాంకరమ్మ, మీ సొంతూరి దగ్గర ఏటిగట్టు ఆగుతుందా అని అడిగింది. గట్టు భద్రంగా ఉందని ఎవరో రాసిచ్చిన కాగితం ఆయన చేతిలోనే ఉంది. చదివేస్తే సరిపోయేది. కాని ఆ గట్టు కిందే ఆయన అక్క గౌరమ్మ ఇల్లు. ఆయన ఆ గట్టు ఎక్కి చూసి రెండేళ్ళయింది. నోటిదాకా వచ్చిన మాట మింగి, "నాకు తెలియదండీ" అన్నారు.

యాంకరమ్మ నవ్వింది. 'ఎంపీగారికి తెలియదట' అని తెర కింద ఎర్రపట్టీ పరుగెత్తింది. ఊళ్ళో టీవీ ముందున్న వాళ్ళూ నవ్వారు, తెలుసుగారి బండి ఇన్నాళ్ళకు ఆగిందని. గౌరమ్మ మాత్రం నవ్వలేదు.

"మా తమ్ముడు తెల్దన్నాడంటే నిజంగానే తెల్దురా. లెగండి, మనమే సూద్దాం."

పలుగూ పారా పట్టుకుని పదిహేనుమంది బయలుదేరారు. రేవుకు అవతల, ఎండ్రకాయలు తొలిచిన బొరియలోంచి బురదనీరు బుగ్గలా ఉబుకుతోంది. ఇంకో గంట ఆగితే బొరియ కాస్తా గండి అయ్యేది. ఇసుక బస్తాలు దింపారు. చాలకపోతే గౌరమ్మ తన గడ్డివామి పీకించింది. చీకటి పడేసరికి ఊట ఆగింది.

అక్కడ అప్పన్నదొర ఫోను మీద ఫోను చేస్తున్నారు. అందరూ గట్టు మీదే ఉంటే ఎత్తేదెవరు? అయిదోసారికి గౌరమ్మ ఎత్తింది. గట్టు నిలిచిందిరా, నువ్వు అన్నం తిన్నావా అని అడిగిందట. ఆయన ముఖానికి పూసిన రంగైనా కడుక్కోకుండా స్టూడియో మెట్ల మీదే కూలబడిపోయారట.

ఇంతవరకూ చెప్పి పరదేశయ్యగారు మళ్ళీ చిక్కుళ్ళలో పడ్డారు. భద్రయ్య తానూ గుప్పెడు కాయలు ముందుకు లాక్కున్నాడు. ఈనెలు తీస్తూ, అప్పన్నదొర ఇంకా టీవీలో కనిపిస్తున్నారా, లేక సిగ్గుపడి మానేశారా అని అడిగాడు.

"మానలేదు నాయనా. ఇప్పుడాయన 'తెలుసు' అంటే జనం నిశ్చింతగా నిద్రపోతున్నారు."