పాలకి తలవంచిన మిరపకాయ

రండి నాయనా, దగ్గరగా కూచోండి. ఆ చివరి పిల్లలు కూడా ముందుకి జరగండమ్మా. స్వామికి ఓ దణ్ణం పెట్టుకుని వినండి.

ఒకప్పుడు మిరపకాయకి ఒళ్ళంతా మంటే. తొక్క మీద చెయ్యి పడితే చాలు, బొబ్బ లేచేది. పురుగుల భయంతో దేవుణ్ణి బతిమాలి ఆ మంట పుచ్చుకుంది. పుచ్చుకున్నాక పొగరెక్కింది.

అలా ఉండగా ఓ ఊరికి కరువొచ్చింది. చెట్లన్నీ మోడులైపోయాయి. గవరమ్మ పెరట్లో మాత్రం ఒక్క మిరపమొక్క మిగిలింది. గవరమ్మకి తిండి లేదు. చంకలో పాలు తాగే పిల్ల, నూకాలు.

అత్తగారు చూసి చూసి అంది: "పిల్ల నిన్ను పీల్చేస్తోందే. ఇవాళ పాలు మానిపించు. లేకపోతే నువ్వు మిగలవు."

పాలు మానిపించాలంటే రొమ్ముకి వేపాకు ముద్ద రాస్తారు కదా. వేపచెట్టుకి ఆకు లేదు. గవరమ్మ ఏడుస్తూనే మిరపకాయ నూరి రాసుకుంది. ఒళ్ళు మండినా పళ్ళు బిగబట్టింది.

నూకాలు నోరు పెట్టింది. పెదాలు వాచాయి. ఏడుద్దామన్నా గొంతు రాలేదు.

గవరమ్మ కుండ అడుగున ఉన్న నీళ్ళు పోస్తే, అవి 'మేం ఆర్పలేని మంటా' అనుకుంటూ పిల్ల నోట్లోకి దిగాయి. మంట నీళ్ళమీదెక్కి గొంతుదాకా పోయింది. పిల్ల ఊపిరి ఎగబీలుస్తోంది.

"మీ వల్ల కాదు, పోండి," అని పెరట్లోంచి మిరపకాయ ఆ నీళ్ళని చూసి నవ్వింది.

గవరమ్మ రొమ్ము కడుక్కుని ఉగ్గుగిన్నెలోకి పాలు పిండింది. చుక్కలే పడ్డాయి. ఒంట్లో ఉన్న సత్తువంతా పెట్టి మళ్ళీ పిండింది. గిన్నె నిండింది.

పాలు నోట్లోకి దిగి మంటతో మెల్లగా అన్నాయి: "ఇది పసిదాని నోరు. నీ చోటు కాదు. నా ఒళ్ళోకి రా."

మంట పాలలోకి వచ్చి అణిగిపోయింది. నూకాలు గట్టిగా ఏడ్చింది. గవరమ్మ ఆ ఏడుపు వింది. గోడకి వాల్చిన తల మళ్ళీ ఎత్తలేదు.

మిరపకాయ నవ్వు ఆగిపోయింది. దేవుడు వచ్చి దాన్ని తిట్టలేదు. ఈ మంట ఎక్కడ పెట్టుకుంటావో నువ్వే చెప్పమన్నాడు.

"పసిచెయ్యి తగలని చోట, నా కడుపులో పెట్టుకుంటాను స్వామీ. పాలు ఎదురైతే తలవంచుతాను," అంది మిరపకాయ.

అప్పటినుంచే మిరపకాయ మంట లోపల, గింజలు అంటుకునే తెల్లటి పొరలో దాక్కుంటోంది. ఎన్ని నీళ్ళు తాగినా తగ్గదు. పాలకి, పెరుగుకి, మజ్జిగకి లొంగుతుంది. అందుకే మీ అమ్మ మిరపకాయ చీల్చి, ఆ పొర గీకేసి, మజ్జిగలో ఊరేస్తుంది.

గవరమ్మ ఆ ఉగ్గుగిన్నె నింపింది చూశారూ, ఆ ఒక్కటీ గుర్తుంచుకోండి నాయనా. మీ పక్కన పసివాళ్ళకి కారం తగిలితే, మీ వాటా పెరుగు వాళ్ళ పళ్ళెంలో వెయ్యండి.