చేతులు ఆరేదాకా

నీలవేణి పైడమ్మ ఇంటి అరుగు మీద చతికిలబడింది. హైదరాబాదు రైలు దిగి సరాసరి అక్కడికే వచ్చింది. మొహానికి వేసిన షూటింగు రంగు చెవుల వెనక ఇంకా అలాగే ఉంది.

"మామ్మా, సంతోషి నన్ను కాన్పుకి రావద్దందట. ఆశా వర్కరు ఫోన్ చేసి చెప్పింది. నా నీడ కూడా ఆసుపత్రి గుమ్మంలో పడకూడదందట."

పైడమ్మ చింతపండులో గింజలు తీస్తోంది. తల ఎత్తలేదు.

"అనే ఉంటాది," అంది.

పైడమ్మ ఒకప్పుడు ఆ చుట్టుపక్కల ఊళ్ళకి మంత్రసాని. ఇప్పుడు కాన్పులన్నీ పట్నంలో ప్రభుత్వాసుపత్రిలోనే అవుతున్నాయి. చేసేది డాక్టరమ్మ, నర్సులు. అయితే నొప్పులు పడే మనిషి పక్కన ఒక ఆడతోడు ఉండడానికి అక్కడ ఒప్పుకుంటారు. నడుం రాయాలి, చెయ్యి పట్టుకోవాలి, ఊపిరి ఎలా తియ్యాలో చెప్పాలి, గుక్కెడు నీళ్ళు తాగించాలి. డెబ్బై దాటినా పైడమ్మ ఆ పని మానలేదు. నాలుగేళ్ళుగా నీలవేణి ఆమె వెంట తిరిగి అదే నేర్చుకుంటోంది.

నీలవేణి అసలు పని నటన. నాటకాల్లో మొదలుపెట్టి టీవీ సీరియళ్ళ దాకా వచ్చింది. రంగం మీద పదకొండుసార్లు బిడ్డని కన్నది, టీవీలో మూడుసార్లు. సొంతానికి ఒక్కసారి. ఆ బిడ్డ దక్కలేదు. ఆ రోజు పక్కన ఉన్నది పైడమ్మే. ఆ తర్వాత కొన్నేళ్ళకి, నాకూ ఈ పని నేర్పమని తనే వచ్చి అడిగింది. షూటింగు ఉంటే హైదరాబాదు, లేకపోతే కాన్పుల గది.

పని బాగానే పట్టుబడింది, ఒక్కటి తప్ప. పైడమ్మకి ఒక అలవాటు ఉంది. కాన్పు గదిలోంచి బయటికి రాగానే పసుపు నీళ్ళతో మోచేతుల దాకా కడుక్కుంటుంది. గుడ్డతో తుడుచుకోదు. చేతులు చాపుకుని, వాటంతటవే ఆరేదాకా అలా కూచుంటుంది. అంతసేపూ ఎవరు పలకరించినా పలకదు. ఆడో మగో చెప్పమని బిడ్డ తాత వచ్చి బతిమాలినా సరే, పలకదు.

నీలవేణికి అంత తీరిక ఎక్కడిది? కొంగుతో గబగబా తుడుచుకుని రైలుకి పరుగెత్తేది. "ఆరనియ్యే," అని పైడమ్మ మొదట్లో రెండుసార్లు అంది. తర్వాత అనడం మానేసింది. ముసలావిడ చాదస్తం అనుకుంది నీలవేణి. మనమైనా అలాగే అనుకుంటాం.

సంతోషి మొదటి కాన్పు రెండేళ్ళ కిందట అయింది. ఆ రోజు పక్కన ఉన్నది నీలవేణి. నొప్పులు ముదిరినప్పుడు ఆ పిల్ల నీలవేణి చెయ్యి ఎముకలు విరిగేలా పట్టుకుని అరిచింది.

"ఒలే చిట్టీ! నీ సెయ్యి నానే వదిలేసినానే! ఈసారి వదల్నే, వదల్నే!"

చిట్టి ఆమె చెల్లెలు. ఆరేళ్ళప్పుడు నాగావళి ఏట్లో కొట్టుకుపోయింది. కాలు జారి పడిపోయిందని ఇంట్లో అందరూ నమ్మారు. చెయ్యి వదిలిన సంగతి సంతోషి ఒక్కదానికే తెలుసు. ఆ పూట నీలవేణికి తెలిసింది. సంతోషి చెప్పాలని చెప్పింది కాదు, నొప్పి చెప్పించింది.

నీలవేణి ఏడాదిన్నర దాకా ఆ మాట ఎవరి దగ్గరా అనలేదు. అంతలో ఒక సీరియల్లో ఆమెకి కాన్పు సీను వచ్చింది. డైరెక్టరుకి ఆమె అరుపు నచ్చలేదు. "అమ్మా అని అందరూ అరుస్తారండీ. ఇంకేదైనా కావాలి," అన్నాడు. నాలుగో టేకులో నీలవేణి నోట్లోంచి సంతోషి మాటే వచ్చింది. పేరు కూడా మార్చలేదు. ఆ పిలుపు నోటికి అంత బాగా కుదిరింది మరి. లైట్ల దగ్గర నిలబడ్డవాళ్ళు కళ్ళు తుడుచుకున్నారు. యూనిట్ అంతా చప్పట్లు కొట్టింది. ఆ ముక్కనే ప్రోమోగా కోసి వారం పాటు, రోజుకి పదిసార్లు వేశారు.

సంతోషి తల్లి ఆ సీరియల్ రోజూ చూస్తుంది. తన కూతురి కాన్పుకి తోడున్న మనిషి టీవీలో కనిపిస్తోందని వీధి వీధంతా చెప్పుకునేది పాపం. ప్రోమో చూసిన రోజు టీవీ ఆపేసి కూతురికి ఫోన్ చేసింది.

"సెయ్యి నువ్వొదిలేసినావా?"

సంతోషి కాదనలేదు. తల్లి ఫోన్ పెట్టేసింది. ఆరు నెలలైంది, మళ్ళీ చెయ్యలేదు. రెండో కాన్పుకి కూతుర్ని పుట్టింటికి తీసుకెళ్ళనూ లేదు.

ఇదీ జరిగింది.

"నేను కావాలని చేశానా మామ్మా? ఆ మాటకి ఎంతమంది ఏడ్చారో తెలుసా నీకు?" అంది నీలవేణి. అనేశాక తన మాట తనకే నచ్చలేదు. గొంతు తగ్గించింది. "వెళ్ళి కాళ్ళు పట్టుకుంటాను. వాళ్ళమ్మ దగ్గరికి వెళ్ళి, అది నేను కల్పించి చెప్పిన మాట అంటాను. ఏం చెయ్యమంటావో చెప్పు."

పైడమ్మ గింజలన్నీ ఒక పక్కకి ఊడ్చింది. లోపల ఫోన్ మోగింది. వెళ్ళి మాట్లాడి, పసుపు పొట్లం నడుం దగ్గర దోపుకుని వచ్చింది.

"సంతోసికి నొప్పులొచ్చినాయట. ఆ సెంబట్టుకుని నాతో నడు."

"నన్ను రావద్దంది కదా?"

"లోపలికి కాదు. నీళ్ళు పొయ్యడానికి."

ఆసుపత్రి వెనక వరండాలో కొళాయి, దాని పక్కన సిమెంటు బల్ల ఉన్నాయి. కాన్పుల గది కిటికీ అటువైపే. పైడమ్మ నీలవేణిని అక్కడ కూచోబెట్టి లోపలికి వెళ్ళింది. బల్ల మీద అప్పటికే ఒకావిడ కూచుని ఉంది. ఆమె కోడలికి కూడా లోపల నొప్పులు వస్తున్నాయి.

ఆ కోడలు అరిచిన అరుపులు వరండా అంతా వినపడ్డాయి. అమ్మనీ, దేవుణ్ణీ, మొగుణ్ణీ ఎవర్నీ వదలకుండా అరిచింది. నీలవేణి చెవులు రిక్కించింది సంతోషి కోసం. ఆ గొంతు ఆమెకి బాగా తెలుసు. గంట గడిచింది, రెండు గంటలు గడిచాయి. సంతోషి గొంతు ఒక్కసారి కూడా వినపడలేదు. నొప్పులు ఇంకా ముదరలేదేమో అనుకుంది. మధ్యాహ్నం రెండున్నరకి కిటికీలోంచి పసిబిడ్డ ఏడుపు వినపడింది. ఆ కోడలు మాత్రం ఇంకా అరుస్తూనే ఉంది. అంటే కన్నది సంతోషి. 

పైడమ్మ బయటికొచ్చి చేతులు చాపింది. మణికట్టు మీద నాలుగు గోళ్ళ గాట్లు ఎర్రగా ఉన్నాయి. నీలవేణి చెంబులో పసుపు కలిపి నీళ్ళు పోసింది. పైడమ్మ మోచేతుల దాకా కడుక్కుని బల్ల మీద కూచుంది. మబ్బు పట్టి ఉంది. చేతులు ఆరడానికి చాలాసేపు పట్టింది. నీలవేణి మొదటిసారి ఆ చేతుల్ని చివరిదాకా చూసింది.

ఆరాక పైడమ్మ మాట్లాడింది. "ఆడపిల్ల. ఇద్దరూ బాగున్నారు."

"సంతోషి గొంతే వినపడలేదు మామ్మా."

"అరిస్తే కదా. తువ్వాలు నోట్లో కుక్కుకున్నాది. నర్సమ్మ లాగేస్తే మళ్ళీ కుక్కుకున్నాది. పేణం పోతన్నా నోరు తెరవనేదు."

 కాళ్ళు పట్టుకోవాలని, ఏవేవో చెప్పాలని దారిపొడుగునా నీలవేణి కూర్చుకున్న మాటలన్నీ ఉన్నాయి. వాటిలో ఒక్కటీ ఆ గదిలోకి తీసుకెళ్ళదగ్గది కాదు. ఇన్నేళ్ళలో ఎంతోమంది ఆడవాళ్ళకి గట్టిగా అరువమ్మా, అరిస్తే తేలికవుతుందని చెప్పింది తను. ఆ ఒక్క తేలికా సంతోషికి లేకుండా చేసింది. కన్నీళ్ళు వచ్చాయి. సీనులో ఆమెకి కన్నీళ్ళు ఎడమ కంట్లోంచే మొదలవుతాయి, కెమెరా అటే ఉంటుంది కనక. ఇప్పుడు రెండు కళ్ళూ కారాయి.

అరచేత్తో కళ్ళు తుడుచుకుని అడిగింది.

"మామ్మా, నా కాన్పు గుర్తుందా?"

"ఎందుకు నేదు."

"ఆ రోజు నేనొక మాట అన్నాను."

అన్నది నిజమే. ఆ రోజు ఆమె వేషం ఇంకో అమ్మాయి వేస్తోంది. నొప్పుల మధ్య, "ఈ బిడ్డే లేకపోతే ఈపాటికి రంగం మీద ఉండేదాన్ని," అంది నీలవేణి. గంట తర్వాత బిడ్డ పుట్టింది, ఏడవలేదు. పదకొండేళ్ళయింది. మొగుడికి చెప్పలేదు, తల్లికి చెప్పలేదు. విన్నది పైడమ్మ ఒక్కతే. ఆమె మొహంలోకి చూసినప్పుడల్లా, ఆమెకి అది గుర్తుందేమోనని నీలవేణికి భయం వేసేది.

"ఆ మాట నీకు గుర్తుందా?"

పైడమ్మ తన చేతుల్ని ఒకసారి అటూ ఇటూ తిప్పి చూసుకుంది.

"ఆ దినం ఎండ గట్టిగా కాసినాదమ్మీ. సేతులు బేగి ఆరిపోనాయి, ఆ మాటా ఆటితోనే పోనాది."

చెంబు తీసుకుంది. నీలవేణి చేతులు ముందుకి లాగి, మిగిలిన పసుపు నీళ్ళు మోచేతుల దాకా పోసింది. ఇవాళ ఆ చేతులు ఎవర్నీ ముట్టుకోలేదు. అయినా పోసింది. తర్వాత ఖాళీ చెంబు బల్ల కింద పెట్టి, బాలింతని చూడడానికి లోపలికి వెళ్ళిపోయింది.

నీలవేణి చెయ్యి అలవాటు కొద్దీ కొంగు మీదికి పోయింది. ఆగింది. చేతులు రెండూ ముందుకి చాపుకుని కూచుంది.

బల్ల మీద ఉన్నావిడ ఇందాకట్నుంచి ఆమె వైపే చూస్తోంది. ఇప్పుడు గుర్తుపట్టి మొహం ఇంత చేసుకుని దగ్గరికి జరిగింది.

"నువ్వు టీవీలో చిట్టీ చిట్టీ అని ఏడిసినావు, ఆయమ్మివే కదేటి? ఎంత బాగా ఏడిసినావమ్మా! ఒక్కపాలి అనవా, మా కోడలికి సెప్పుకుంటాను."

నీలవేణి పలకలేదు. ఆవిడ ఇంకోసారి అడిగింది.

చేతులింకా తడిగానే ఉన్నాయి.