ఉప్పు గంప, దొర కుర్చీ

పొగమంచులో కలలా తేలే ముత్యాలదీవిని ఏలిన దొరలు ఓడెక్కి వెళ్లిపోయారండీ! ఆ పొద్దున్నే పైడమ్మ ఒడ్డున పేరిన ఉప్పు గంపకెత్తింది. భటులు ఆమెను పట్టుకెళ్లి దీవివాడే అయిన కొత్త దివాను ముందు నిలబెట్టారు. ఆయనేమో దొర కుర్చీలో దర్జాగా కూర్చున్నాడు.

“దొరలు పోయినా వాళ్ల చట్టం పోలేదే! ఉప్పు ముట్టుకుంటే చెరసాలే,” అన్నాడు.

“అట్టాగే బాబయ్యా. దొర కుర్చీలో దీవివాళ్లు కూర్చున్నా చెరసాలేనని ఆ చట్టంలోనే ఉందిగా! ఇద్దరం కలిసే పోదాం, పదండి,” అంది పైడమ్మ.

దివాను చటుక్కున లేచాడు. పాత చట్టం చెల్లదని చాటింపు వేయిస్తేనేగాని మళ్లీ కూర్చోలేకపోయాడు. అన్నాళ్లూ చప్పిడి గంజి తాగిన దీవి, ఆ పూట మొదటి గుక్కకే హాయిగా కళ్లు మూసుకుంది.