శనిగ్రహానికి వెళ్ళిన పడవ

అనగనగా, మరీ అంత వెనకటి మాటేం కాదు, సముద్రం ఒడ్డున ఒక జాలరిపాలెం. దాని పక్కనే రాకెట్లు ఎగిరే చోటు. రాకెట్టు లేచే రోజు వేటకు పోకూడదని పెద్దలు ఉసూరుమనేవారు. పిల్లలకు మాత్రం ఆ రోజు పండగే!

ఆ పాలెంలో అంకమ్మ అని తొమ్మిదేళ్ళ గడుగ్గాయి ఉండేది. ఇసుకలో బోర్లించిన పాత పడవే దాని రాకెట్టు. పడవ కిందకి దూరేది తనూ, తన ఈడు పెంచలయ్యా. చిన్నారి మస్తాని బయట నిలబడి పది నుంచి వెనక్కి లెక్కపెట్టేది.

ఒకనాడు పొద్దున్నే చంద్రుడి మీదికి వెళ్ళి బోలెడు గవ్వలు తెచ్చారు. నాన్న చేపలు పంచినట్టే అంకమ్మ వాటాలు వేసింది. తనకొకటి, పెంచలయ్యకొకటి, పడవకొకటి.

"నా వాటా ఏదక్కా?" అంది మస్తాని.

"నేల మీద నిలబడినదానికి వాటా ఏందే?"

మస్తాని మూతి ముడుచుకుని దూరంగా పోయి కూర్చుంది.

మర్నాడే ఆ పడవకు తారు పూసి నీళ్ళలోకి దింపేస్తారు. ఈలోగా శనిగ్రహం చుట్టూ ఉన్న వలయం చూసి తీరాలని అంకమ్మ ప్రాణం కొట్టుకుపోతోంది.

మొదట పెంచలయ్య లెక్కపెట్టాడు. "పది, తొమ్మిది, ఏడు..."

"ఎనిమిది మింగేశావు కదరా! రాకెట్టు కూలిపోయింది!"

రెండోసారి లోపల కూర్చుని అంకమ్మే లెక్కపెట్టింది. ఒక్క తప్పూ లేదు. అయినా పడవ పడవలాగే ఉండిపోయింది. చేపల వాసన తప్ప ఆకాశం జాడే లేదు.

అంతలో నాన్న వేట నుంచి తిరిగొచ్చి చేపలు పంచుతున్నాడు. ఒడ్డున తాడు లాగిన అవ్వకూ ఒక వాటా వేశాడు.

"అవ్వ సముద్రంలోకి రాలేదు గదా నాయనా?" అంది అంకమ్మ.

"అవ్వ లాగకుంటే పడవ ఒడ్డెక్కేదా, పిచ్చిపిల్లా?"

అంకమ్మకు సిగ్గేసింది. పరుగున పోయి తన గవ్వలన్నీ మస్తాని ఒళ్ళో పోసింది. "తప్పయిపోయిందే! నువ్వు లేకుంటే మా రాకెట్టు లేవటంలేదు."

మస్తాని కళ్ళు తుడుచుకుని నవ్వింది. "అన్నీ ఎందుకక్కా? నా వాటా చాలు."

మూడోసారి మస్తాని గొంతెత్తింది. "...మూడు, రెండు, ఒకటి!"

ఇక చూడాలి ఆ సంబరం! పడవ దద్దరిల్లేలా కేకలు పెడుతూ ఇద్దరూ ఆకాశానికి లేచిపోయారు. శనిగ్రహం వలయం మీద జారుడుబండ ఆడారు. దిగి వచ్చాక, తెచ్చిన చుక్కలన్నింటినీ నాలుగు వాటాలు వేశారు. మొదటి వాటా మస్తానిదే.

పిల్లలూ, పైకి ఎగిరినవాళ్ళ గెలుపులో, నేల మీద నిలబడి ఎగరేసినవాళ్ళకూ సరిసమానమైన వాటా ఉంటుంది.