ఐదిళ్ల జోలె

ఒకానొక రాజ్యంలో, మరీ పెద్దదేం కాదు లెండి, పొద్దున్నే కట్టిన ఎద్దుల బండి సాయంత్రానికి పొలిమేర దాటేసేంత రాజ్యంలో, కందర్ప భూపాలుడనే రాజు ఉండేవాడు. ఆ రాజ్యం పేరు గండిదుర్గం. రాజ్యం చిన్నదైనా రాజుగారి బిరుదులు ముప్పై రెండు. ఆయన కొలువుకు వచ్చినప్పుడల్లా వందిమాగధుడు ఆ ముప్పై రెండూ చదవాలి. సగంలో ఆగి గుక్కెడు నీళ్లు తాగడానికి అతనికి అనుమతి ఉండేది.

రాజు చెడ్డవాడు కాడు. పొగడ్తకు లొంగేవాడు, అంతే. పొగిడేవాడు ఎటు చూపిస్తే అటు నడిచేవాడు.

ఆ కొలువులో ఓబన్న అని ఒకడుండేవాడు. రాజుగారికి తాంబూలం అందించడం అతని ఉద్యోగం. సింహాసనం పక్కనే నిలబడాలి కాబట్టి అన్నీ వినేవాడు. ఆకుకు సున్నం రాస్తూ ఒక మాట అనేవాడు. ఆ మాట కొన్నిసార్లు సున్నం కంటే ఎక్కువ మండేది. అయినా రాజు సహించేవాడు. ఆకుకు ఎంత సున్నం రాయాలో తెలిసినవాడు రాజ్యంలో మరొకడు లేడు మరి.

ఒక ఏడు ఫాల్గుణ మాసంలో చతుర్ముఖ శాస్త్రి అనే పండితుడు ఎక్కడి నుంచో వచ్చి ఆ కొలువులో చేరాడు. గొప్ప చదువరి. పది రోజులు ఊరంతా తిరిగి చూసి, పదకొండో రోజు రాజుగారి ముందు పెదవి విరిచాడు.

"మహాప్రభూ, తమ కీర్తి చంద్రుడిలాంటిది. కానీ చంద్రుడికి మచ్చ ఉన్నట్టే తమ రాజ్యానికీ ఒక మచ్చ ఉంది. రాములవారి కోవెలలో సన్నాయి ఊదేవాడు ఒక సాయిబు. పీర్ల పండుగలో పీరును ఎత్తేవాడు ఒక బోయ. ఏది ఎవరిదో తెలియకుండా ఊరంతా కలగాపులగంగా ఉంది. ఇంతవరకు ఏ రాజూ చేయని పని తమరు చేయాలి. ఎవరిది వారికి విడదీసి పెట్టాలి. అప్పుడు ముప్పై మూడో బిరుదు నేనే స్వయంగా ఇస్తాను."

ముప్పై మూడు అనగానే రాజుగారి కళ్లు మెరిశాయి.

"బాగుంది. శ్రీరామనవమి లోపల మన ఊరి ఏటికి ఇవతల మనవాళ్లు, అవతల సాయిబులు. మనుషులైనా, వస్తువులైనా అంతే" అన్నాడు.

ఆకుకు సున్నం రాస్తున్న ఓబన్న కిసుక్కున నవ్వాడు.

"ఎందుకురా నవ్వావు?"

"ఏం లేదు ప్రభూ. పెరుగన్నం కలిపాక పెరుగు ఒక పక్కకూ అన్నం ఒక పక్కకూ తియ్యమంటే మా ఇంటిది నన్నేమంటుందో గుర్తొచ్చింది."

రాజుగారి మొహం ఎర్రబడింది. "అయితే ఆ తీసేదేదో నువ్వే తియ్యి. కోట ముంగిట తాడు కట్టిస్తాను. ఎడమవైపు మనవి, కుడివైపు వాళ్లవి. దేన్ని ఎటు పెట్టాలో అటు పెట్టు. చేతకాలేదన్నావో, తల గొరిగించి నిన్నే ముందు ఏరు దాటిస్తాను."

"చిత్తం ప్రభూ. రెండు మనవులు. నేను చదువుకోనివాణ్ణి. ఏది ఎటో శాస్త్రిగారే నోటితో చెప్పాలి, నేను మోసి పెడతాను. శాస్త్రిగారికి కూడా ఎటో తేలనిది ఒక్కటి మిగిలినా, ఊరు ఉన్నది ఉన్నట్టే ఉండిపోవాలి."

శాస్త్రి నవ్వాడు. "నాకు తేలనిదా! ఒప్పుకోండి ప్రభూ" అన్నాడు. రాజు కత్తి మీద చెయ్యి వేసి మాట ఇచ్చాడు.

ఈ కబురు వినగానే కాళ్లకింద నేల కదిలిపోయినవాడు దస్తగిరి సాయిబు. డెబ్బై ఏళ్ల మనిషి, దూదేకులవాడు. ఏడాదంతా దూది ఏకి పరుపులు కుట్టేవాడు. రాములవారి పవళింపు సేవకు వేసే పరుపులో ఏటేటా కొత్త దూది నింపేది అతనే. తెల్లవారగానే స్వామికి మేలుకొలుపు ఊది, ఆ తర్వాతే ఇంటికి వెళ్లి గంజి తాగేవాడు. నవమినాడు సీతమ్మకు తాళి కట్టే వేళ సన్నాయి ఎత్తేదీ అతనే. అంతకుముందు వాళ్ల నాయన, ఆయనకు ముందు వాళ్ల తాత. ఏరు దాటేటప్పుడు సన్నాయిని చంకన పెట్టుకుని పోవచ్చు గాని, రాముణ్ణి పెట్టుకుని పోలేడు కదా.

మర్నాడు పొద్దున ఓబన్న అతని ఇంటికి వెళ్లాడు. ముసలాయన వసారాలో కూర్చుని సన్నాయిని గుడ్డతో తుడుస్తున్నాడు. తుడిచిందే తుడుస్తున్నాడు. లోపల అతని భార్య మాబూబీ పెట్టె సర్దుతోంది.

"ఓబన్నా, రాజుగారితో ఒక్క మాట చెప్పు. ఈ నవమికి ఊదనిస్తే చాలు. మరుసటి దినం నేనే ఏరు దాటి పోతా. ఊదకుండా పోతే, పైన మా నాయనకు ఏం చెప్పుకునేది?" అన్నాడు దస్తగిరి.

ఎప్పుడూ మాటకు మాట తగిలించే ఓబన్న ఆ పూట నడుము వంచుకుని వసారా గట్టు మీద కూర్చుండిపోయాడు.

లోపలి నుంచి మాబూబీ ఒక చిన్న జోలె పట్టుకుని వచ్చింది. రంగురంగుల గుడ్డముక్కలు అతికి కుట్టిన జోలె. దాని చుట్టూ ఒక పచ్చదారం. "దీన్ని ఏం చేసేది? పారేసేదానికి చెయ్యి రాలేదు" అంది.

"ఎవరిదవ్వా అది?"

ఆమె పక్కన కూలబడి చెప్పింది. ఓబన్న విన్నాడు. వినేకొద్దీ అతని వంగిన నడుము నిటారయింది.

"అవ్వా, తాడు కట్టిన రోజు దీన్ని తీసుకుని కోట కాడికి రా. ఎవరిదని ఎవరడిగినా, నేను చెప్పేదాకా నోరు విప్పొద్దు" అన్నాడు.

ఆ రోజు వచ్చింది. కోట ముంగిట రెండు గుంజలు పాతి, నడుమెత్తులో తాడు కట్టారు. ఎడమవైపు పందిరి కింద రాజుగారు, ఆయన పక్కన శాస్త్రి, వెనక తెర చాటున రాజమాత. ఊరు ఊరంతా వచ్చింది.

ఓబన్న మొదట పీరును, కర్రకు ఎక్కించి పట్టుగుడ్డలు చుట్టిన ఆ లోహపు హస్తాన్ని, తెచ్చాడు.

"కుడివైపు" అన్నాడు శాస్త్రి.

పెట్టాడు. వెంటనే బోయ తిమ్మప్ప తాడు కింద దూరి వెళ్లి దాని పక్కన నిలబడ్డాడు. శాస్త్రి కసిరాడు. "నువ్వు ఎడమవైపు వాడివి. ఇటు రా."

"పీరు యాడుంటే నేనూ ఆడ్నే సామీ. మా తాత కాలం నుంచి మా ఇంటోళ్ల భుజం మీదనే లేస్తాది. దాన్నాపక్క, నన్నీపక్క పెడితే మోసేదెవరు?"

శాస్త్రి విసుక్కున్నాడు. "సరే, వీడూ కుడివైపే."

తిమ్మప్ప వెనక అతని తమ్ముళ్లు, వాళ్ల ఆడవాళ్లు, ఆ వెనక బోయవీధి మొత్తం కదిలింది. ఆ పీరును పోతపోసింది మా తాతే అంటూ కంసాలి కూడా వెళ్లాడు. మొక్కుకున్నవాళ్లు, దీపం పెట్టినవాళ్లు ఒక్కొక్కరే తాడు దాటారు. "ఏటికి అవతల రాజ్యం బాగా పెద్దదయ్యేట్టుంది ప్రభూ" అన్నాడు ఓబన్న.

తర్వాత కోవెల నుంచి స్వామివారి పరుపు వచ్చింది.

"ఎడమవైపు. అడగాలా?" అన్నాడు శాస్త్రి.

"పైగుడ్డ సంగతి సరే సామీ. లోపలి దూది ఏకింది దస్తగిరి."

శాస్త్రి ఒక్క క్షణం ఆలోచించి, "అయితే దూది కుడివైపు" అన్నాడు. పండితులతో వచ్చిన చిక్కు ఇదే, ఒకసారి సూత్రం చెప్పాక వెనక్కి రాలేరు. ఓబన్న అక్కడే కూర్చుని పరుపు కుట్లు విప్పడం మొదలుపెట్టాడు. కోవెల అర్చకుడు నరసింహాచార్యులు పరుగున వచ్చి అతని చెయ్యి పట్టుకున్నాడు.

"ఓరి నాయనా, ఆపు. ఈ రాత్రికి స్వామిని ఉత్త గుడ్డ మీద పడుకోబెట్టమంటావా?"

ఓబన్న ఆపి శాస్త్రి భుజం వైపు చూశాడు. "శాస్త్రిగారి శాలువా మంచి పనితనం. నేసిన చెయ్యి తాడుకు ఏవైపుదో?" శాస్త్రి ఆ శాలువాను నెమ్మదిగా మడిచి దాని మీద కూర్చున్నాడు.

మధ్యాహ్నానికి కుడివైపు నిలబడడానికి చోటు లేదు. ఎడమవైపు రాజుగారు, తెర చాటున రాజమాత, శాస్త్రి, అర్చకుడు, సగం కుట్లు విప్పిన పరుపు మిగిలాయి.

"ఇంకేమైనా ఉందా?" అన్నాడు రాజు, గొంతు కాస్త తగ్గించి.

"ఒక్కటే ప్రభూ."

మాబూబీ జోలె పట్టుకుని ముందుకు వచ్చింది. ఓబన్న దాన్ని పైకెత్తి అందరికీ చూపించాడు.

"మన సీమలో ఒక ఆచారం ఉంది. బిడ్డలు లేనివాళ్లు పీరుకు మొక్కుకుంటారు. బిడ్డ పుడితే పీర్ల పండుగనాడు పచ్చదారం కట్టి, జోలె వేసి, ఫకీరుగా చేసి ఐదిళ్లకు బిచ్చానికి పంపుతారు. ఇది అట్లాంటి బిడ్డ జోలె. ఆ బిడ్డ సాయిబుల కొడుకు కాదు. కానీ ఈ జోలె పట్టి ఈ మాబూబీ చేతి ముద్ద తిన్నాడు. ఇప్పుడు పెద్దవాడయ్యాడు. ఎటు పెట్టమంటారు శాస్త్రిగారూ?"

శాస్త్రికి ఇది తేలికైన ప్రశ్న. "ఆ జోలె పట్టినవాడు, ఆ చేతి ముద్ద తిన్నవాడు ఎవడైనా సరే, కుడివైపే. ఇందులో రెండో మాట లేదు."

"ఎవడైనా సరేనా?"

"రాజైనా, రెడ్డైనా సరే."

రాజుగారు తల ఊపాడు. "సరిగ్గా సెలవిచ్చారు. వాడెక్కడున్నా పట్టి తెండి."

"పట్టి తెచ్చే పని లేదు ప్రభూ" అంటూ ఓబన్న తాడును రెండు చేతులతో పైకెత్తి పట్టుకున్నాడు. "తమరు కొంచెం తల వంచితే చాలు. కిరీటానికి తగలకుండా ఇటు రావచ్చు."

రాజు లేచి నిలబడ్డాడు. చెయ్యి కత్తి మీదికి పోయింది.

అప్పుడు తెర తొలగింది. రాజమాత కర్ర పట్టుకుని మెల్లగా బయటికి వచ్చింది.

"కత్తి తర్వాత తియ్యి నాయనా, ముందు నేను చెప్పేది విను. పదేళ్లు నా కడుపు పండలేదు. రాములవారికి నూటొక్క ప్రదక్షిణాలు చేశాను. పీర్ల చావిడిలో దీపం పెట్టి మొక్కుకున్నాను. నువ్వు పుట్టావు. ఉయ్యాలలో వేసి నీకు పెట్టిన పేరు ఫకీరప్ప. నాలుగేళ్లప్పుడు ఈ జోలె నేనే కుట్టి నీ భుజాన వేశాను. ఐదో ఇల్లు దస్తగిరిది. మీ నాయన పోయాక నిన్ను మీ మేనమామ పెంచాడు. బిరుదుల పిచ్చి ఆయనది. ఆ పేరు తీసేసి ఇవన్నీ తగిలించాడు. నేనూ ఊరుకున్నాను. ఊరుకుని తప్పు చేశాను."

శాస్త్రి మడిచిన శాలువా మీద నుంచి లేచాడు. "తల్లీ, ఇంతకూ బిడ్డనిచ్చింది రాములవారా, పీరుస్వామా? అదొక్కటి తేలితే..."

"నాకు బిడ్డ కావాల్సి వచ్చింది శాస్త్రీ. ఎవరిచ్చారని విచారిస్తూ కూర్చుంటే ఎత్తుకునేదెప్పుడు?"

శాస్త్రి ఎడమవైపు చూశాడు. కుడివైపు చూశాడు. రాజును కుడివైపు పంపితే రాజ్యమే అటు పోతుంది. ఎడమవైపు ఉంచితే తను చెప్పిన సూత్రం అబద్ధమవుతుంది.

"ఎటు సామీ?" అన్నాడు ఓబన్న. అతని చేతులు ఇంకా తాడును ఎత్తి పట్టుకునే ఉన్నాయి.

"తేలడం లేదు" అన్నాడు శాస్త్రి చివరికి.

ఓబన్న తాడు వదిలి, తాంబూలపు పెట్టెను రాజుగారి కాళ్ల దగ్గర పెట్టాడు. "నేను ఓడిపోయాను ప్రభూ. ఈ ఒక్కరిని ఎటు పెట్టాలో నాకు చేతకాలేదు. తల గొరిగించండి. కాకపోతే తమరు ఇచ్చిన రెండో మాట కూడా గుర్తు పెట్టుకోండి."

రాజు అతని వైపు చూడలేదు. జోలె వైపే చూస్తున్నాడు. ఎక్కడో అడుగున పడిపోయినదేదో పైకి వస్తున్నట్టుంది ఆయన మొహం.

"అవ్వా, ఆ రోజు నువ్వు నాకు పెట్టిందేమిటి? బెల్లం వాసన మాత్రం తెలుస్తోంది."

"మలీద నాయనా. రొట్టె నలిపి, బెల్లమూ నెయ్యీ కలిపి పెడితి. ఇంకా కావాలని ఏడిస్తివి. తిని నా ఒళ్లోనే నిద్రపోతివి. నిన్ను పల్లకీలో ఎత్తుకోని పోయినారు, జోలె మా ఇంట్లోనే ఉండిపాయ."

"ఇప్పుడూ చేస్తావా?"

మాబూబీ జోలె ముందుకు చాచింది. "దానికేం నాయనా, చేస్తా. కానీ ఇది పట్టుకోని రావాల. ఉత్త చేతుల్తో వస్తే పెట్టను."

రాజు నవ్వాడు. కిరీటం ఒక పక్కకు ఒరిగేంతగా నవ్వాడు. ఒరిగిన కిరీటాన్ని సర్దుకోకుండానే వంగి, తాడు కింద నుంచి అవతలికి దూరి, ఆ జోలె తీసుకుని భుజాన వేసుకున్నాడు. జనమంతా నవ్వారు. దస్తగిరి ఒక్కడే తలపాగా కొసతో కళ్లు ఒత్తుకున్నాడు.

"ఊరు ఉన్నది ఉన్నట్టే ఉంటుంది. దస్తగిరీ, ముందా పరుపు కుట్టు. ఓబన్న సగం విప్పి పెట్టాడు" అన్నాడు రాజు.

ఓబన్నకు తన చేతి బంగారు కంకణం తీసి తొడిగాడు. ఇంకేం కావాలో కోరుకోమన్నాడు.

"ఆ తాడు ఇప్పించండి ప్రభూ. గట్టి తాడు. నవమి పందిరికి మామిడాకుల తోరణం కట్టుకుంటాం. పీర్ల పండుగకు విప్పి చావిడికి కట్టుకుంటాం."

శాస్త్రి మూట సర్దుకోబోతే రాజే ఆపాడు. "ఉండండి శాస్త్రిగారూ, కల్యాణం చూసి వెళ్దురు గాని. ముప్పై మూడోది దొరికింది" అన్నాడు.

"నాకు శాస్త్రం తెలుసు ప్రభూ. ఈ ఊరు తెలియదు" అన్నాడు శాస్త్రి. మనిషి నిజాయితీపరుడే. ఆగిపోయాడు.

నవమినాడు రాజు పందిట్లోకి రాగానే వందిమాగధుడు ముప్పై రెండు బిరుదులూ చదివాడు. జనం విసనకర్రలు ఊపుకుంటూ ఓపిగ్గా కూర్చున్నారు. అతను గుక్కెడు నీళ్లు తాగి, ముప్పై మూడోది పలికాడు.

"ఫకీరప్ప!"

పందిరంతా ఒక్కసారి లేచి నిలబడింది. తాళి కట్టే వేళయిందని అర్చకుడు సైగ చేశాడు. దస్తగిరి సాయిబు సన్నాయి ఎత్తాడు.